ఎలుగుబంటి గుహ, ముళ్ళపంది కొట్టు

అనగనగా నల్లరాళ్ళ గుట్ట కింద ఒక అడవి ఉండేది, పిల్లలూ. ఆ అడవిలో తగవులు తీర్చే పని ఒక ముంగిసది. ఆమె పేరు చూడామణి. ఏదైనా సరే, తన కళ్ళతో చూస్తే తప్ప ఆమె నమ్మేది కాదు. ఎవరైనా "వాన పడిందమ్మా" అంటే, బయటికి వచ్చి నేల తడిమి చూసేది.

ఆ అడవిలో గుహల అద్దెకు ఒక చట్టం ఉంది. కొట్టు పెట్టుకుని బతికేవాళ్ళను యజమాని తనకు తోచినప్పుడు వెళ్ళగొట్టకూడదు. అద్దె ఎగ్గొడితే ఖాళీ చేయించవచ్చు. గుహను పాడుచేస్తే ఖాళీ చేయించవచ్చు. లేదా యజమానికే ఆ గుహ నిజంగా అవసరం పడాలి. అంతే.

ఒకరోజు గుబ్బలయ్య అనే ఎలుగుబంటి చూడామణి దగ్గరికి వచ్చాడు. వాగు దారిలో ఆయనకు ఒక గుహ ఉంది. అందులో సూదమ్మ అనే ముళ్ళపంది దుంపల కొట్టు నడుపుతోంది. ఆ కొట్టు మీదే సూదమ్మా, ఆమె ఇద్దరు పిల్లలూ బతుకుతున్నారు.

"అమ్మా, సూదమ్మను ఖాళీ చేయించండి. అద్దె దుంపలు ఇవ్వడం మానేసింది" అన్నాడు గుబ్బలయ్య.

"ఏదీ, మీ ఇల్లు చూద్దాం పదండి" అంది చూడామణి.

ఇంట్లో ఒక మూల దుంపలు కుప్పగా పడి ఉన్నాయి. చూడామణి ఒక దుంప తీసి తిప్పి చూసింది. చివర ముళ్ళపంది పంటి గాటు ఉంది. ఇంకోటి తీసింది. దానికీ ఉంది.

"ఇవి ఎవరిచ్చినవి గుబ్బలయ్యగారూ?"

"సూదమ్మవే" అని గొణిగి, గుబ్బలయ్య ఫిర్యాదు వెనక్కి తీసుకున్నాడు.

చూడామణి తిరిగి వస్తూ దారిలో ఆగిపోయింది. 'ఎలుగుబంటి ఇంట్లో తేనె వాసనే లేదేమిటి?' అనుకుంది.

కొన్నాళ్ళకు గుబ్బలయ్య మళ్ళీ వచ్చాడు. "సూదమ్మ నా గుహ గోడ పగలగొట్టిందమ్మా! అడవిలో ఎవరినైనా అడగండి, అందరికీ తెలుసు."

చూడామణి గుహకు వెళ్ళింది. గోడకు పగులు ఉన్న మాట నిజమే. ఆమె పగులులోకి మూతి పెట్టి చూసింది. లోపలంతా పాకుడు పట్టి, పచ్చగా, దట్టంగా ఉంది.

"ఈ పగులుకు సూదమ్మ కంటే వయసెక్కువ. మీ ఫిర్యాదు చెల్లదు" అంది.

సూదమ్మ కళ్ళు తుడుచుకుంది. "గుబ్బలయ్య మామ ఇలాంటివాడు కాదమ్మా. ఒకప్పుడు నా పిల్లలకు తేనెపట్టు తెచ్చిపెట్టేవాడు."

తగవు తీరిపోయింది. ఇంకొకరైతే హాయిగా పడుకునేవారు. చూడామణికి మాత్రం తిండి సయించలేదు. మంచివాడు రెండు అబద్ధాలు ఎందుకు ఆడాడు? తేనె ఎందుకు మానేశాడు? తెల్లవారగానే ఆయన ఇంటి వైపు నడిచింది.

గుబ్బలయ్య ఒక మద్దిచెట్టు కింద ఉన్నాడు. కొమ్మల్లో పెద్ద తేనెపట్టు వేలాడుతోంది. ఆయన మాను కౌగిలించుకుని కాస్త ఎక్కాడు, జర్రున జారాడు. ఎవరైనా చూశారేమోనని అటూ ఇటూ చూసి మళ్ళీ ఎక్కాడు. మళ్ళీ జారాడు. మూడోసారి జారి, అక్కడే కూర్చుండిపోయాడు.

చూడామణి పొద చాటు నుంచి వచ్చి ఆయన పక్కన కూర్చుంది. "ఎన్నాళ్ళ నుంచి ఇలా?" అని మెల్లగా అడిగింది.

"పోయిన చలికాలం నుంచమ్మా. ముందుకాళ్ళలో పట్టు పోయింది. మా మేనల్లుడు తేనె తెచ్చిస్తానన్నాడు. వాగు దారిలో కూర్చుని అమ్ముకుంటే నా పొట్ట గడుస్తుంది. అందుకే గుహ కావాలి."

"అయ్యో! చట్టం ఒప్పుకునే మాటే కదా ఇది! మొదటే ఎందుకు చెప్పలేదు?"

"చెట్టెక్కలేని ఎలుగుబంటినని నలుగురిలో ఎలా చెప్పుకోనమ్మా?"

"చెప్పాలి. లేకపోతే ఎవరికి తెలుస్తుంది?"

మర్నాడు గుబ్బలయ్య అందరి ముందూ నిలబడి ఉన్నదున్నట్టు చెప్పాడు. ఎవరూ నవ్వలేదు.

"ఈ మాట నాతో అని ఉంటే వేరే చోటు వెతుక్కునేదాన్ని కదా మామా" అంది సూదమ్మ. "ఇప్పుడు నాకు గుహ ఎవరిస్తారు? ఫిర్యాదులు వస్తున్నాయని వాగు అవతల గుహ ఉన్న ఉడుమును ముందే అడిగి చూశాను. గోడలు పగలగొట్టేదానికి ఇవ్వను పొమ్మన్నాడు."

చూడామణి తీర్పు చెప్పింది.

"గుబ్బలయ్యగారి అవసరం నిజమే. గుహ ఆయనకు రావలసిందే. కానీ సూదమ్మకు వేరే చోటు దొరికేదాకా ఆమెను కదపకూడదు. ఆ చోటు దొరక్కుండా చేసింది మీ మాటే గుబ్బలయ్యగారూ. వెళ్ళి మీరే దాన్ని వెనక్కి తెచ్చుకోండి. గుహ ఖాళీ అయ్యాక అందులో మీరే కూర్చోవాలి. ఇంకొకరికి అద్దెకిస్తే మళ్ళీ సూదమ్మకే ఇప్పిస్తాను."

గుబ్బలయ్య బయలుదేరాడు. అన్న మాటను వెనక్కి ఎలా తెస్తారో చూద్దామని చూడామణి కూడా వెంట నడిచింది.

"గోడ పగలగొట్టిందని చెప్పింది నువ్వే. లేదంటున్నదీ నువ్వే. ఇందులో ఏది నమ్మాలి?" అని ఉడుము తలుపు వేసుకున్నాడు. నక్క వినకుండానే వెళ్ళిపోయింది. అడవిపంది పగలబడి నవ్వింది. గుబ్బలయ్య మళ్ళీ వెళ్ళాడు, మళ్ళీ మళ్ళీ వెళ్ళాడు. ఈలోగా అడవిలో పూలు రాలిపోయాయి. మేనల్లుడు ఎదురు చూసి చూసి, తేనె అంతా గుట్ట అవతల అమ్మేశాడు.

చివరికి ఒకరోజు ఉడుము తానే వాగు దాటి వచ్చి, గోడ పగులులోకి తొంగి పాత పాకుడు చూసి, "సరే, రమ్మను" అన్నాడు.

సూదమ్మ దుంపలన్నీ మోసుకుని బయలుదేరింది. గుబ్బలయ్య తన గుహలో కూర్చున్నాడు. ఆయన ముందు తేనె పోసే చట్టీలు ఖాళీగా ఉన్నాయి. బయట తొలకరి మొదలైంది. మళ్ళీ పూలు పూసేదాకా అమ్మడానికి ఏమీ లేదు.

వెళ్తూ వెళ్తూ సూదమ్మ వెనక్కి తిరిగింది. ఆయన ముందు నాలుగు దుంపలు పెట్టి, "ఎడమ పక్క కప్పు కారుతుంది మామా. తేనె వచ్చాక అటు పెట్టకు" అంది.

గుబ్బలయ్య తలెత్తి కప్పు వైపు చూశాడు. ఆ గుహ ఆయనదే. అది కారుతుందని మాత్రం ఆయనకు అంతవరకూ తెలియదు.

నీతి: నిజమైన అవసరం ఉన్నప్పుడు నిజమే చెప్పి అడగాలి. అబద్ధం కలిపితే ఎదుటివారికి చేటు జరుగుతుంది, మనకు రావలసిందీ ఆలస్యమవుతుంది.