గోడెలీవ్ రాసిన చీటీలు

ఇది మన ఊరి కథ కాదు, మన కాలం కథా కాదు. సముద్రాల అవతల ఫ్లాండర్స్ అనే దేశంలో, కాలువల పక్కన ఒక చిన్న ఊరు. ఆ ఊళ్లో గోడెలీవ్ అని ఒక లేసు అల్లే మనిషి ఉండేది. పొద్దున చర్చిలో పూజకు వెళ్లేది, పగలంతా లేసు అల్లేది, అల్లుతూ అల్లుతూ పద్యాలు కట్టేది.

ఆ దేశంలో మనిషి పోతే అరచేతంత చీటీ అచ్చువేసి చర్చిలో పంచుతారు. అందులో పేరు, ఒక పద్యం, ఒక ప్రార్థన ఉంటాయి. మగవాడు పోతే వాడి పేరు. ఆడది పోతే ఫలానావాడి భార్య, ఫలానావాడి తల్లి. అంతే!

ఒకనాడు రొట్టెలవాడు వచ్చాడు. "మా ఆవిడ పోయిందమ్మా. పద్యం కట్టిపెట్టు."

"ఆవిడ పేరేంటి?"

రొట్టెలవాడు బుర్ర గోక్కున్నాడు. ముప్పై ఏళ్లూ "ఏమే" అనే పిలిచాడు మహానుభావుడు! పరుగెత్తి వదినగారిని అడిగొచ్చాడు.

తర్వాత పడవవాడు తల్లి చీటీ కోసం వచ్చాడు. అతనిదీ అదే తంతు. గోడెలీవ్ ఇద్దరు ఆడవాళ్ల పేర్లూ రాసింది, వాళ్లు చేసిన పనులూ రాసింది.

మూడోసారి ఎవరూ రాలేదు. గోడెలీవే వెళ్లింది. తనతోపాటు లేసు అల్లే కొలెటా మంచాన పడి ఉంది.

"నాకు మొగుడు లేడు, పిల్లలు లేరు. నన్ను ఎవరి మనిషినని రాస్తావే?" అంది కొలెటా.

"కొలెటా అని రాస్తాను. ఈ ఊరి పెళ్లికూతుళ్ల ముసుగులన్నీ అల్లిందని రాస్తాను."

"ఒట్టా?"

"ఒట్టు."

కొలెటా శుక్రవారం పోయింది. సోమవారం సమాధి. గోడెలీవ్ రాసిన చీటీ చూసి చర్చి ఫాదర్‌గారు మండిపడ్డారు. "ఆడదానికి ఇన్ని పొగడ్తలా? గర్వం పాపం!"

"ఫాదర్‌గారూ, మరియ తల్లిని యోసేపు భార్య అని మొక్కుతున్నామా? పేరు పెట్టే కదా పిలుస్తున్నాం?"

ఫాదర్‌గారికి కోపం ఇంకా పెరిగింది. చీటీ వేయొద్దని అచ్చాపీసుకు కబురు పంపారు.

అచ్చు లేకపోతే చేత్తోనే రాద్దామనుకుంది గోడెలీవ్. కానీ వంద చీటీలు ఒక్క చేత్తో అయ్యే పని కాదు. తోటి ఆడవాళ్లకు చదువు రాదు. కానీ లేసు పనిలో సూదితో గుచ్చిన చుక్కల వెంట దారం నడపడం వాళ్లకు కొట్టిన పిండి. గోడెలీవ్ కాగితాల మీద కొలెటా పేరును చుక్కలుగా గుచ్చింది. వాళ్లు చుక్కల వెంట కలం నడిపారు. చీటీ మీద పేరొక్కటే, పద్యం మాత్రం సమాధి రోజున గోడెలీవ్ నోటితో చదివింది. సోమవారానికి చర్చిలో అందరి చేతుల్లోనూ కొలెటా పేరుంది.

అసలు తమాషా తర్వాతి వారం జరిగింది. ముగ్గురు పిల్లలకు జ్ఞానస్నానం. పిల్లలకు పూచీగా నిలబడే జ్ఞానతల్లులు ఎప్పుడూ సంతకం రాక చర్చి రిజిస్టర్లో గీత పెట్టేవారు. ఈసారి నిలబడ్డ ముగ్గురూ ఆ లేసు అల్లేవాళ్లే, దర్జాగా సంతకం చేశారు. కొలెటా. కొలెటా. కొలెటా!

వాళ్లకు వచ్చిన పేరు అదొక్కటే మరి.

ఫాదర్‌గారు తల పట్టుకున్నారు. ఆపైన నవ్వు ఆపుకోలేకపోయారు. తానే గోడెలీవ్ గడప తొక్కారు. "తల్లీ, వీళ్ల పేర్లు వీళ్లకు నేర్పు."

నేర్పింది. చనిపోయేదాకా నేర్పింది.

ఆమె పోయినప్పుడు చీటీ అచ్చు వేయిస్తానన్నారు ఫాదర్‌గారు. "వేయించండి. వెనక మాత్రం మాకు వదిలేయండి," అన్నారు ఆడవాళ్లు. ఒక ముసలామె ఇలా రాసింది: "అరవై ఏళ్లకు నా పేరు నాకు చూపించింది."

ఇప్పటికీ ఆ ఊళ్లో ఆడమనిషి పోతే చీటీకి వెనక ఖాళీ ఉంచుతారు. ఎరిగినవాళ్లు తలా ఒక మాట రాసి సంతకం చేస్తారు. చీటీ చేతికి రాగానే జనం ముందు దాన్ని తిప్పి వెనక చూస్తారు.