ఊరు లేని ఈరమ్మ

అనగనగా, మరీ అంత అనగనగా కూడా కాదు, పత్తికాయ పగలడం నేర్చుకున్న తర్వాతే, నల్లరేగడి నేలలో జోలెదిన్నె అని ఒక ఊరు. ఆ ఊళ్ళో తిరుపాలమ్మ, ఈరమ్మ అని ఇద్దరు. ఇద్దరికీ గజం నేల లేదు. ఇద్దరూ ఒకరి చేలో పత్తి ఏరేవాళ్ళే. కూలి అంటే ఏరిన పత్తిలోనే ఒక పాలు, ఒక వాటా. ఆ పాలు పాత చీరలో మూటగట్టి, సంతలో అమ్మి, జొన్నలు తెచ్చుకుంటేనే పొయ్యి రాజేది.

తిరుపాలమ్మ చెడ్డదేం కాదు. కళ్ళల్లోనే కాస్త కారం. తెల్లారీ తెల్లారకముందే చేలో పడి మంచు తడి మీదే ఏరేది. తడి పత్తి తూకానికొస్తుంది కదా! కానీ సంత నాటికి ఆ తడి ఆరి, పసుపు మచ్చలు మిగిలేవి. ఈరమ్మ మాత్రం మంచు ఆరేదాకా గట్టున కూర్చుని, ఎండెక్కాక ఏరేది. ఏరేది తక్కువే. అయినా బేరగాళ్ళు రాగానే, "ఈరమ్మ మూట ఏదీ?" అని ముందు అదే విప్పేవాళ్ళు.

"నాదీ పత్తే, దానిదీ పత్తే! దాని పత్తికేమన్నా కొమ్ములొచ్చినాయా?" అని తిరుపాలమ్మ ఉడికిపోయేది.

మొదటి సంతకు, "అది పత్తికి ఏదో పసరు పూస్తాది" అని చాటింది. బేరగాడు నవ్వి, "అయితే నువ్వూ పూయించుకో తల్లీ" అన్నాడు.

నాదీ పత్తే, దానిదీ పత్తే!

రెండో సంతకు ఎండాకు నలిపి ఈరమ్మ మూటలో కలిపింది. ఈరమ్మ బండి మీద కూర్చుని దారి పొడుగునా నలుసు నలుసూ ఏరేసింది. "ఇంత ఆకు ఎట్ల పడిందో అక్కా!" అంటే, "గాలికి పడింటాదిలే" అంది తిరుపాలమ్మ.

నాదీ పత్తే, దానిదీ పత్తే!

మూడో సంతకు, బండి వాగు దగ్గర ఆగింది. అందరూ నీళ్ళకు దిగారు. తిరుపాలమ్మ చెంబెడు నీళ్ళు తెచ్చి ఈరమ్మ మూటలో ఒంపేసింది.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. నీళ్ళు చల్లి మోసం చేస్తున్నారని ఆ సంతకు రాజుగారు ఒక కట్టడి పెట్టారు. ఏ ఊరి మూటలో తడి తగిలినా, ఆ ఊరి మూటలన్నీ వెనక్కే. మళ్ళీ పంట దాకా ఆ ఊరికి సంత లేదు. భూమున్నవాళ్ళకేం? కొట్టంలో పోసుకుని ఇంకో సంత చూసుకుంటారు. కూలికి పత్తి పాలు తెచ్చుకునేవాళ్ళకు కొట్టమెక్కడిది? కడుపే కొట్టం. ఈ కట్టడి తిరుపాలమ్మకు తెలియకనా? తెలుసు. అసూయ పట్టిన కంటికి పక్కవాళ్ళ మూటే కనబడుతుంది గానీ, పక్కనే ఉన్న తన మూట కనబడదు.

సంతలో తనిఖీ దొర ఈరమ్మ మూటలో చెయ్యి పెట్టాడు. చెయ్యి తడిసింది.

"ఎవురిదిమే ఈ మూట?"

"నాదే సామీ."

"ఏ ఊరు?"

బండి చుట్టూ ఉన్నవాళ్ళు తమ మూటల మీద చేతులు వేసుకున్నారు. తిరుపాలమ్మకు అప్పుడు గుర్తొచ్చింది, ఇంట్లో ఖాళీ కుండ, దాని చుట్టూ ముగ్గురు పిల్లలు. ఈరమ్మ ఒకసారి వెనక్కి చూసింది. తిరుపాలమ్మ కొంగు మోచేతి దాకా తడిసి ఉంది. చూసింది, చూపు తిప్పుకుంది.

"నాకు ఊరు లేదు సామీ. దారిలో ఈళ్ళ బండెక్కినా."

జోలెదిన్నెవాళ్ళు ఒక్కరూ నోరు తెరవలేదు. తెరిస్తే నోటి దగ్గరి కూడు పోతుంది. దొర ఈరమ్మ మూట బురదలో పారేయించి, ఆమెను సంత బయటికి గెంటించాడు. ఊరు లేదన్న మనిషి ఆ ఊరి బండెక్కి ఎలా తిరిగొస్తుంది? రాలేదు. సంత దారిలో పెద్ద బండ ఉంటే, దాని పక్కనే గుడిసె వేసుకుంది.

వచ్చే ప్రతి బండినీ ఆపేది. మూటలో చెయ్యి పెట్టేది. చెమ్మ తగిలితే, "ఆరబోసుకోండమ్మా, తొందరేముంది" అని బండ మీద పరిపించేది. బండివాళ్ళు పెట్టిన సంగటి ముద్ద తినేది. ఆ బండ దాటిన మూట సంతలో వెనక్కి రాలేదు. దాంతో ఏ ఊరివాళ్ళయినా, "ముందు ఈరమ్మ చెయ్యి పడనీ" అనేవాళ్ళు.

అది విని తిరుపాలమ్మకు మళ్ళీ మంట! "ఎల్లగొడితే పోయి, ఆడ గూడా రాణి మాదిరి కూసుందే!" ఆ బండ దగ్గరికొస్తే తల అటు తిప్పుకుని దాటేది.

ఒక పత్తికాలం ఈరమ్మ కన్నుమూసింది. "ఊరు లేని మనిషి. ఏ ఊరి మట్టిలో పెట్టేది?" అని దారినపోయే బండ్లవాళ్ళు నిలబడిపోయారు. గుంపును తోసుకుని తిరుపాలమ్మ వచ్చింది.

"మా ఊరిది. ఊరు లేకుండా చేసింది నేను. ఆ నీళ్ళు పోసింది ఈ చెయ్యే."

ఎవరూ ఆమెను తిట్టలేదు. ఒక ముసలాయన మాత్రం, "మీ ఊరు ఆ పొద్దు నోరు మూసుకునిందే! ఇప్పుడు మీదెట్లైతాది? మా పత్తి ఆరబెట్టిన మనిషి, మాది!" అన్నాడు. ఇంకొకడు, "కాదు, మాది!" అన్నాడు. ఎటూ తెగక బండ పక్కనే పూడ్చారు. తిరుపాలమ్మ తన మూట విప్పి, గుప్పెడు పత్తి తీసి మట్టి మీద పెట్టింది.

"ఎండెక్కినాకనే ఏరినా, ఈరీ. చెయ్యి పెట్టి చూసుకో."

ఆ తర్వాత వచ్చినవాళ్ళు తలా ఒక గుప్పెడు పెట్టారు. కాసేపటికి అది తెల్లటి కుప్పయింది. తిరుపాలమ్మ కళ్ళు తుడుచుకుంటూనే, "సచ్చినాక గూడా దాని కుప్పే పెద్దది సూడు" అంది.

ఇప్పటికీ ఆ దారిన పత్తి బండ్లు ఈరమ్మ బండ దగ్గర ఆగుతాయి. పత్తి ఆరబోసి, గుప్పెడు అక్కడ పెట్టి, "ఈరమ్మ చెయ్యి పడింది, కదలండి" అంటేనే ఎద్దులను అదిలిస్తారు. ఆమెది ఏ ఊరని అడిగి చూడండి, ఏ ఊళ్ళో అడిగినా "మాదే" అంటారు. పక్క ఊరిదట గదా అన్నారో, అప్పుడు చూడాలి వాళ్ళ కళ్ళల్లో కారం!