నిలువని చుక్కకు పీట వేసిన కథ

పూర్వకాలమున, ఆకాశము అంచున నున్న రెల్లువనములో శాలంకుడను ముని తపస్సు చేయుచుండెను. ఒకనాడు పర్ణకుడను ముని ఆయన వద్దకు వచ్చి నమస్కరించి, "స్వామీ! జపమునకు కూర్చున్నచో లేవవలెననిపించును. లేచినచో ఎక్కడికి పోవలెనో తెలియదు. ఇది నా యొక్కని బాధ కాదు, భూలోకమున ఎన్నో ఇండ్లలో చూచితిని. ఇది ఎందువలన కలుగుచున్నది? తీరుటకు వ్రతమేదైన కలదా?" అని యడిగెను. అందుకు శాలంకుడు నిలువని చుక్క కథను చెప్పసాగెను.

సృష్టి మొదట విధాత ఆకాశమును తొమ్మిది పందిళ్ళుగా ఒకదానిపై నొకటి వేసెను. పందిరికి తొమ్మిదేసి రాటలు నాటి, రాటకొక చుక్కను కూర్చుండబెట్టదలచి అందరిని పిలిచెను. చుక్కలన్నియు పరుగున వచ్చి తమ తమ చోట్లు పట్టుకొనెను. ఒక్క చుక్క మాత్రము దారి తప్పిన కొంగపిల్లకు వెలుగు చూపుచు గూటిదాకా నడచి, ఆలస్యముగా వచ్చెను. అప్పటికే రాటలన్నియు నిండిపోయెను. విధాత ఆమెను చూచి నొచ్చుకొని, పందిళ్ళ నడుమ తిరుగుచుండుమనియు, సందెవేళ భూమిపై ఏ ఇంట పీట వేయుదురో ఆ ఇంట దీపము కొండెక్కువరకు కూర్చుండుమనియు చెప్పెను. చోటు దొరకని ఇంట ఆమె అలసట మంచువలె కురిసి ఆ ఇంటివారి కాళ్ళలో చేరుననియు పలికెను. అది మొదలు ఆ చుక్క తిరుగుచునే యున్నది.

తరళాపురమున బొల్లన యను నేతగాడుండెను. అతని భార్య పేరిందేవి. వారికి నాగసిరి యను పదమూడేండ్ల కూతురు కలదు. ఒక యేడు మగ్గము పని మిక్కుటమై వారు ఏటేట చుక్కకు వేయు పీటను వేయ మరచిరి. నాటినుండి ఆ ఇంట ఏదియు నిలువలేదు. పొయ్యిమీది పాలు పొంగిపోయెను. మగ్గమున పోగు నడుపు నాడె చేజారెను. పడుగు పోగులు తెగెను. బొల్లన ఒక చీర సగము నేసి వదలి మరియొకటి మొదలిడెను, అదియు వదలెను.

అన్నిటికంటె నాగసిరి స్థితి కష్టమాయెను. సందె పడగానే ఆ పిల్ల లేచి నడచిపోవును. మొదట వీధి చివరకు, తరువాత చేనిగట్టుకు, ఆపై ఏటి రేవుకు పోయెను. తల్లి వెంటబడి పట్టుకొని ఎక్కడికే యని యడిగినచో, "తెలీదమ్మా. కూచోలేకపోతున్నా, అంతే" యనును. పొరుగింటి ఓబులమ్మ అరుగుమీదనుండి, "పిల్ల కాళ్ళకి చక్రాలు బిగించావా పేరిందీ? రేపు ఏరు కూడా దాటేస్తుందిలే!" అని యెకసక్కెమాడెను. పేరిందేవి పైకి నవ్వెను గాని, ఒకనాడు కూతురు తిరిగి రాదేమోనని లోలోపల వణకుచుండెను.

పెద్దలు వ్రతము మరచితిరని గుర్తుచేసిరి. అంతట పేరిందేవి కొత్త పీట చేయించి, పసుపు పూసి, ముగ్గు వేసి, కలశము నిలిపి, కొబ్బరికాయలు, అరటిగెల, చలిమిడి, బంతిదండలు దానిపై పేర్చెను. పీట కానరాకుండ పోయెను. అయినను నాగసిరి నడక ఆగలేదు. చేసినది చాలలేదేమో యనుకొని తల్లి మరునాడు గారెలు కూడ పెట్టెను.

అయిదవనాటి సందెవేళ మోకాళ్ళదాకా దుమ్ము కొట్టుకొనిన పడుచొకతె గుమ్మమున నిలిచెను.

"అక్కా, కాసేపు కూచోనిస్తావా?"

"ఆ పీట ముట్టుకోకు తల్లీ, అది చుక్కమ్మది! అరుగు మీద కూచో."

"అరుగంతా నూలు ఆరేశావు గదక్కా."

"అయితే నిలబడు. పూజ అవనీ, గారె పెడతా."

ఆ పడుచు పీటవైపొకసారి చూచి వెడలిపోయెను. ఆ సందెననే నాగసిరియు వెడలెను. మరల రాలేదు.

బొల్లన ఏటి వెంబడి వెదకబోయెను. పేరిందేవి ఊళ్ళ వెంట పడెను. ఎనిమిది ఊళ్ళు తిరిగెను. చుక్క పూజల దినములగుటచే ప్రతి ఇంట పీట యుండెను, ప్రతి పీటమీద పండ్లును పూలును ఉండెను. కాళ్ళు బొబ్బలెక్కి ఆమె గుమ్మమున నిలిచినచో, ముట్టుకోకుమనిరి, పక్కకు జరుగుమనిరి. తొమ్మిదవ ఊరిలో చేపలమ్ము ముసలి యొకతె తన ఇంట నున్న ఒక్క పీటమీద కూర్చుండి వల బాగుచేసుకొనుచుండెను. ఆమె పేరిందేవిని చూచి లేచి, పీటను కొంగుతో తుడిచి, "ముందు కూచోవే. ఏడుపేదో కూచుని ఏడువు" అనెను.

పేరిందేవి కూర్చుండెను. కూర్చుండగానే తాను గుమ్మమున నిలువబెట్టినది ఎవరినో తెలిసి, భోరున ఏడ్చెను.

ఇల్లు చేరి ఆమె అరుగుమీది నూలు తీసెను. పీటమీదివన్నియు దింపి, కడిగి, పక్కన ఒక్క దీపము పెట్టి, గుమ్మమువైపు చూచుచు నిలిచెను. మొదటినాడు ఎవ్వరును రాలేదు. రెండవనాడును రాలేదు. మూడవనాడు దీపము సన్నగిలుచుండగా నాగసిరి వచ్చెను. జుట్టు రేగి, పాదములు పగిలి యుండెను. ఆ పిల్ల పీటను చూచి, "అమ్మా, ఇక్కడ కూచోనా?" అనెను.

అది చుక్కమ్మదను మాట తల్లి నాలుక చివరకు వచ్చెను. ఆమె దానిని మింగి, "కూచో తల్లీ. నీళ్ళు తెస్తా" అనెను.

నాగసిరి కూర్చుండెను. ఆ క్షణమున తిరుగుచున్న చుక్క వారి ఇంటి కప్పుపై నిలిచెను. దీపము కొండెక్కువరకు అది కదలలేదు, పిల్లయు కదలలేదు. మరునాటి సందెకు నాగసిరి గడపదాకా పోయి, వెనుకకు వచ్చి, తల్లి పక్కన నూలు కండెలు చుట్టుచు కూర్చుండెను. ఏటి వెంబడినుండి తిరిగి వచ్చిన బొల్లన సగము సగము విడిచిన చీరలన్నియు వరుసగా ముగించెను. ఆ ఇంట సిరి నిలిచెను.

"కనుక పర్ణకా! మొదలుపెట్టినది ముగింపలేనివారు, నిదుర పట్టనివారు, దూరము పోయినవారికై ఎదురుచూచు తల్లులు, ఆలస్యముగా వచ్చి చోటు దొరకక నిలిచినవారు ఈ వ్రతము చేయవలెను. చేసినవారి పని తెగక సాగును. పోయినవారు ఇల్లు చేరుదురు. మనసు ఒక చోట కుదురును" అని శాలంకుడు చెప్పెను.

ఈ కథ విన్నవారు అక్షతలు పీటపై వేయరాదు, తమ తలపై వేసికొనవలెను. చదువుటలో మాట తప్పినను దోషము లేదు. దీపమున్నంతసేపు గుమ్మమున ఎవరు నిలిచినను, పేరడుగక కూర్చుండుమనవలెను.