పొద్దయ్య తాగిన పాలు

అనగనగా అమ్మడూ, మన లోకం కాని ఒక లోకంలో ఒక కొండూరు. అక్కడ చెట్ల ఆకులు నల్లగా ఉంటాయి, మేకల బొచ్చు నీలంగా ఉంటుంది. ఏడాదిలో మూడు నెలలు పొద్దే పొడవదు. ఆ మూడు నెలలూ జనం దీపాలు పెట్టుకుని, గొంగళ్ళు కప్పుకుని, ఉన్న గింజలే కొంచెం కొంచెంగా వండుకుని బతుకుతారు.

గింజలు అడుగంటే వేళకి ఊళ్ళో పాలపొంగు చేస్తారు. కొండ కొమ్మున చిన్న కొత్త కుండ పెట్టి, వరసగా మూడు రోజులు పాలు పొంగిస్తారు. ఆ పాలు తాగడానికి మూడో రోజు పొద్దయ్య కొండెక్కి వస్తాడని వాళ్ళ నమ్మకం. ఆ పూజ చేసే ముసలామెని అందరూ వేలుపమ్మ అనేవారు.

ఆ ఊళ్ళో ఎర్రమ్మ అని ఒకావిడ ఉండేది. మొగుడు మంచులో చిక్కుకుని పోయాడు. మిగిలింది మూడేళ్ళ కూతురు నూకాలు, ఒక్క మేక.

ఒక ఏడాది చీకటి నెలల్లో మేకలకి రోగం వచ్చింది. మందలకి మందలే పోయాయి. ఆ తర్వాత పిల్లలకి జ్వరాలు పట్టుకున్నాయి. నూకాలుకీ వచ్చింది. జావ పోస్తే కక్కేసేది. పాలు ఒక్కటే కడుపులో నిలిచేవి. అప్పటికి ఊరంతటికీ పాలిచ్చే మేక ఎర్రమ్మదొక్కటే. అదీ రోజుకి ఒక్క చెంబెడు.

పాలపొంగు రోజు రానే వచ్చింది. అప్పుడు వేలుపమ్మ ఎర్రమ్మ గుమ్మంలోకి వచ్చి ఆ చెంబెడు పాలూ అడిగింది. ఎర్రమ్మ ఇచ్చింది. ఆ రోజు నూకాలు నీళ్ళు తాగి పడుకుంది.

రెండో రోజు ఎర్రమ్మ సగం పాలు పిల్లకి ఉంచమని బతిమాలింది. సగం పాలైతే కుండ అంచు దాటి పొంగవని వేలుపమ్మ చెప్పింది. వెనక నిలబడ్డ ఆడవాళ్ళు, తమ ఇళ్ళల్లోనూ పిల్లలు చలికి బిగుసుకుపోతున్నారని, ఈసారి పొద్దు పొడవకపోతే ఒక్కరూ మిగలరని ఏడ్చారు. వాళ్ళు చెప్పింది అబద్ధం కాదు. ఎర్రమ్మ ఆ పాలూ ఇచ్చేసింది.

మూడో రోజు అడగడానికి ఎవరూ రాలేదు. వాళ్ళకి మొహం చెల్లలేదు. ఎర్రమ్మే పాలు పితికి, చెంబు పట్టుకుని గుమ్మం దాకా వెళ్ళి ఆగింది. అప్పుడు నూకాలు కళ్ళు తెరిచింది.

"అమ్మా, పాలు ఎవరికే?"

"పొద్దయ్యకి తల్లీ."

"తాగాక నాక్కొంచెం ఉంచుతాడా?"

ఉంచుతాడని చెప్పి ఎర్రమ్మ కొండెక్కింది.

పాలు పొంగి పొర్లాయి. తూర్పున సన్నగా ఎర్రటి గీత కనిపించింది. ఆ తర్వాత గీత వెడల్పయింది. ఆ తర్వాత కొండంతా వెలుగొచ్చింది. జనం ఒకరినొకరు పట్టుకుని ఏడ్చారు, గంతులేశారు. ఎర్రమ్మ కుండ అడుగున మిగిలిన గుక్కెడు పాలు చెంబులో వంపుకుని, పరిగెత్తుకుంటూ ఇంటికి దిగింది. తలుపు తీస్తే ఎండ మంచం మీద పడింది. నూకాలు చల్లబడిపోయి ఉంది.

ఎర్రమ్మ ఆ ఏడాది ఎలా బతికిందంటావా అమ్మడూ? నా బిడ్డ పాల కోసమే పొద్దయ్య వచ్చాడు, ఊళ్ళో పిల్లలందరూ నిలిచారు, అనుకుని బతికింది. రోజూ పొద్దున వాకిట్లో కూర్చుని మొహాన ఎండ పడనిచ్చేది. ఊరి పిల్లలు ఆడుకుంటుంటే చూస్తూ ఉండేది.

మళ్ళీ చీకటి నెలలు వచ్చాయి. ఈసారి ఎర్రమ్మ మేకా చచ్చిపోయింది. ఊళ్ళో పాలచుక్క లేదు. చేసేది లేక వేలుపమ్మ కుండలో ఉత్త నీళ్ళు పోసి కాచింది. మొదటి రోజు జనం చుట్టూ నిలబడి ఏడ్చారు. రెండో రోజు సగం మంది రాలేదు. మూడో రోజు కొండ మీద వేలుపమ్మ, ఎర్రమ్మ ఇద్దరే ఉన్నారు. నీళ్ళు మరిగాయి. తూర్పున ఎర్రటి గీత కనిపించింది.

కింద ఊళ్ళో డప్పులు మోగాయి.

"నీళ్ళకైనా వచ్చేవాడేనా?" అని అడిగింది ఎర్రమ్మ.

వేలుపమ్మ కుండలో నీళ్ళకేసి చూసింది. "నాకు తెలియదే బిడ్డా. మా అమ్మ పాలే పొంగించింది. నేనూ పాలే పొంగించాను. ఏనాడూ నీళ్ళు పెట్టి చూడలేదు."

ఎర్రమ్మ వెలుగుకి వీపు పెట్టి ఇంటికి దిగింది. తలుపు వేసుకుంది. తలుపు సందుల్లోంచి ఎండ వస్తుంటే, నూకాలు కప్పుకున్న గొంగడి చింపి ఆ సందులన్నీ కుక్కేసింది.

ఆ తర్వాతా? ఆ తర్వాత ఎర్రమ్మని ఎండలో చూసినవాళ్ళు లేరు అమ్మడూ. మా అమ్మమ్మ నాకు ఇంతవరకే చెప్పింది.

కథ కంచి దారి పట్టింది,
నిద్దర నీ కన్ను తట్టింది.
దగ్గరికి జరిగి పడుకో తల్లీ,
అడిగినా ఇది చెప్పను మళ్ళీ.