రొయ్యలు చల్లారిపోతున్నాయి

ఆ వీడియోలో కనిపించే చేతులు నావి కావు. ఈ మాట ఇంతవరకూ నేను ఎవరితోనూ అనలేదు. "మీ చేతుల్లో ఎంత ఒడుపుందండీ" అని రాసిన ప్రతివాళ్ళకీ రెండు చేతులు జోడించిన బొమ్మ పంపించాను. ఆ జోడించిన చేతులు కూడా నావి కావు కదా అని ఒకసారి నవ్వొచ్చింది కూడా. ఎవరి దగ్గరా నేర్చుకోకుండా సొంతంగా వంట పట్టుబడిన పిల్లనని నాకు పేరు. పప్పు, పులుసు, కేకుల విషయంలో అది నిజమే. ఫోన్లో చూసి, మాడ్చి, పారబోసి, ఏడ్చి నేర్చుకున్నాను. నాకు పేరు తెచ్చిన రొయ్యల వేపుడు శాండ్‌విచ్ మాత్రం ఎస్తేరుది.

ఎస్తేరుది ఉప్పాడ. విశాఖపట్నంలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో నర్సు. రెండేళ్ళు ఒకే గది అద్దెకు తీసుకుని ఉన్నాం. ఆదివారం చర్చి నుంచి వచ్చి, చీర కూడా మార్చుకోకుండా కొంగు బిగించి స్టవ్ దగ్గర నిలబడేది. రొయ్యలు ఒలిచి నల్లనరం తీయడం నా వంతు. మిగిలిందంతా ఆమెదే. ఉప్పు, మిరియాల పొడి, నిమ్మరసం పట్టించి, గుడ్డు సొనలో ముంచి, బొంబాయి రవ్వలో దొర్లించి, నూనెలో వేసేది. బన్ను మధ్యకు కోసి పెనం మీద వెన్నతో కాల్చి, సన్నగా తరిగిన క్యాబేజీ, కొత్తిమీర పచ్చడి వేసేది. ఒక ఆదివారం నేను స్టవ్ పైన అలమరలో ఫోన్ నిలబెట్టి అదంతా తీశాను. అందులో మొహం పడదు. చేతులే పడతాయి. "ఎందుకే ఇది?" అంది. "ఊరికే, మనం దాచుకోవడానికి" అన్నాను. నాలుగు నిముషాలు దాటితే జనం చూడరని, పనికిరాని చోట్లన్నీ కోసేసి, నా గొంతు కలిపి, 'నేను సొంతంగా కనిపెట్టిన వంట' అని నెట్లో పెట్టాను.

ఆసుపత్రిలో ఎవరో రోగి తాలూకు మనిషి ఫోన్లో అది ఎస్తేరు కంటబడింది. ఆ సాయంత్రం గదికొచ్చి, కాళ్ళు కడుక్కుని, నా ఎదురుగా కూర్చుంది. తిడుతుందనుకున్నాను. తిడితే తిరిగి అనడానికి నాలుగు మాటలు సిద్ధంగా పెట్టుకున్నాను. ఆమె మాత్రం, "నా గాజుల చప్పుడు ఒకచోట వినిపిస్తోందే. అది కూడా తీసేసి ఉండాల్సింది" అని లేచి వెళ్ళి పడుకుంది. నెల తిరక్కుండా కాకినాడలో ఉద్యోగం చూసుకుని వెళ్ళిపోయింది. పద్నాలుగు నెలలైంది. నేను ఫోన్ చేయలేదు. ఆమె ఎందుకు చేస్తుంది?

ఇలా ఉండగా, ఒక మహిళా సంఘం వాళ్ళు వచ్చే ఆదివారం తమ వార్షికోత్సవంలో నన్ను అందరి ముందూ ఆ శాండ్‌విచ్ చేసి చూపించమన్నారు. సరేనన్నాను. ఇంటికొచ్చి చేసి చూసుకుంటే పదకొండు సార్లలో పదకొండు సార్లూ మెత్తబడిపోయింది. బన్నులో పెట్టీ పెట్టగానే రవ్వంతా తడిసి, చెమ్మ గోడకి సున్నం ఊడినట్టు ఊడి వచ్చేది. కొలతలన్నీ వీడియోలో ఉన్నవే. నా వీడియో చూసి నేనే నేర్చుకోలేకపోతున్నాను. తెలిసిన మనిషి ఒక్కతే ఉంది, ఆమెను అడిగే మొహం నాకు లేదు. అందుకని భీమిలి వెళ్ళాను, దానయ్య మాస్టారి దగ్గరికి.

గరికిన దానయ్య మాస్టారు ముప్ఫయ్యేళ్ళు ఓడల్లో వంట చేసి వచ్చిన మనిషి. ఇప్పుడు ఒడ్డున ఉన్న తన ఇంట్లో వలలు అల్లుకుంటూ, అడిగిన వాళ్ళకి వంట చెబుతారు. చెబుతారనడం కూడా తప్పే. ఆయన దగ్గర ఉన్న చిక్కల్లా, ఏ ప్రశ్నకూ జవాబు చెప్పకపోవడమే. వంట గురించి అడిగినా, బతుకు గురించి అడిగినా, "నూనెట్టు" అంటారు. పొయ్యి మీద నూనె పెట్టాలి, ఏదో ఒకటి వండాలి, ఆ వండటంలో మన జవాబు మనం ఏరుకోవాలి. ఒక హోటలాయన నమ్మకస్తుణ్ణి గుర్తుపట్టడం ఎలాగని అడిగితే కిలో ఉల్లిపాయలు తరిగించి పంపారట. ఆయనకేం బోధపడిందో ఆయన ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. నాకు ఇలాంటి మనుషులంటే ఒళ్ళు మంట. తెలిస్తే చెప్పొచ్చు కదా.

గురువారం పొద్దున్నే కిలో రొయ్యలు, రవ్వ, బన్నులు, నా హాట్‌బాక్స్ తీసుకుని వెళ్ళాను. ఆయన గుమ్మంలో కూర్చుని వల మీద వంగి ఉన్నారు. రొయ్యలు మెత్తబడటం గురించి అడుగుదామనే వెళ్ళాను. నోట్లోంచి వచ్చింది మాత్రం వేరే.

"మాస్టారూ, ఒకరి దగ్గర చూసి నేర్చుకున్న వంట మనదవుతుందా, అవ్వదా?"

"ఎవులడుగుతన్నారు?"

"మా ఫ్రెండొకామె."

ఆయన తలెత్తి నన్నొకసారి, నా హాట్‌బాక్స్‌నొకసారి చూశారు. "మీ ఫ్రెండుని నూనెట్టమను" అన్నారు.

నూనె పెట్టాను. మొదటి వాయి బంగారు రంగులో చక్కగా వచ్చింది. ఇంట్లో చేసినట్టే, వేడి పోకుండా ఎప్పటికప్పుడు హాట్‌బాక్స్‌లో వేసి మూత బిగించాను. అన్నీ అయ్యాక బన్నులో సర్ది పైన బన్ను నొక్కి ఆయన చేతికిచ్చాను. ఆయన కొరికారు. ఏ చప్పుడూ రాలేదు. నమిలి, మింగి, "బాగుంది. పళ్ళు నేని ముసిలోళ్ళకి ఎట్టొచ్చు" అన్నారు.

"రవ్వ బాగోలేదు మాస్టారూ. సన్న రవ్వ ఇచ్చాడు షాపువాడు."

"అలాగేటి."

రెండో వాయికి రవ్వలో కాస్త బియ్యప్పిండి కలిపాను. మంట పెంచాను. అది కూడా మెత్తబడింది. నూనె పాతదన్నాను. ఈసారి రొయ్యలు ఐసులో పెట్టినవి అన్నాను. సముద్రం పక్కన గాలిలో చెమ్మ ఎక్కువ అన్నాను. ఆయన ప్రతిదానికీ "అలాగేటి" అంటూ వల అల్లుకుంటున్నారు. చివరికి, "రవ్వని తిట్టినావు, నూనిని తిట్టినావు, సంద్రాన్ని కూడా తిట్టీసినావు. ఇంక మిగిలింది నానే" అన్నారు. నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి వచ్చాయి.

"మిమ్మల్ని కూడా తిడతాను. పొద్దున్నుంచి చూస్తున్నారు. తప్పేంటో మీకు తెలుసు. ఒక్క ముక్క చెప్తే మీ సొమ్మేం పోతుంది?"

"నూనెట్టు."

మూడో వాయి వేశాను. తీసే ముందు హాట్‌బాక్స్ కోసం చూస్తే అది పొయ్యి దగ్గర లేదు. పైన అటక మీద ఉంది. నాకందదు. ఆయన చిల్లుల గిన్నె ఒకటి బోర్లించి నా ముందుకి జరిపారు. చేసేది లేక రొయ్యల్ని దాని మీదే పరిచాను. బన్ను అందుకోబోతుంటే, "అమ్మీ, సేతులు సాపు" అన్నారు.

సాచాను. నైలాన్ దారం పెద్ద చుట్ట ఒకటి తెచ్చి నా రెండు ముంజేతులకీ తగిలించారు. కొస పట్టుకుని వల అల్లే సూదికి చుట్టుకోవడం మొదలుపెట్టారు. మెల్లిగా. ఒక్కో చుట్టూ బిగువు చూసుకుంటూ. కళ్ళెదురుగా రొయ్యల మీంచి ఆవిరి లేస్తోంది. నేను చెయ్యి కదిపితే దారం చిక్కుపడుతుంది.

"మాస్టారూ, ఇది తర్వాత చుట్టుకుందురు గానీ."

"ఇంతే. అయిపోచ్చింది."

"రొయ్యలు చల్లారిపోతున్నాయి."

"ఊఁ."

"మాస్టారూ. రొయ్యలు చల్లారిపోతున్నాయి."

రెండోసారి అన్నప్పుడు నా గొంతు నాకే వినిపించింది. ఆ మాట, ఆ విసుగు, చివర్లో ఆ సాగతీత నేను అంతకుముందు అన్నవే. ఒక్కసారి కాదు, రెండేళ్ళపాటు ప్రతి ఆదివారం అన్నాను. ఆయన చుట్టడం ఆపి నావైపు చూశారు. మళ్ళీ చుట్టుకున్నారు. దారం అయిపోయాక చేతులు విదిలించుకుని, ఒక రొయ్యని తీసి నోట్లో వేసుకున్నాను. కరకరమంది. బన్నులో పెట్టి కొరికాను. అప్పుడూ కరకరమంది. కాసేపాగి మళ్ళీ కొరికాను. అలాగే ఉంది. హాట్‌బాక్స్‌లో రవ్వని తడిపేసే ఆవిరి ఈసారి గాల్లోకి పోయింది.

అప్పుడు ఆయనకి మొత్తం చెప్పాను. ఫ్రెండూ గిండూ లేదని, చేతులు నావి కావని, గాజుల సంగతీ. ఆ తర్వాత ప్రార్థన సంగతి చెప్పాను. ఎస్తేరు రొయ్యల్ని ఇలాగే చిల్లుల గిన్నె మీద పరిచి, బన్నులు తెరిచి పక్కన పెట్టి, వాటిని కలపకుండా కళ్ళు మూసుకునేది. "ప్రేమగల తండ్రీ, ఈ ఆహారానికి స్తోత్రం. వల వేసిన చేతుల్ని దీవించు. గంపలో మోసుకొచ్చిన పైడమ్మ చేతుల్ని దీవించు. ఒలిచిన నీలవేణి చేతుల్ని దీవించు." నీలవేణి నేనే. పైడమ్మ మా వీధిలోకి రొయ్యలు తెచ్చే ఆమె. ఒక్కోసారి బేకరీ అతనూ వచ్చేవాడు ఆ వరసలోకి. నాకు ఆకలి దంచేస్తుండేది. "నీకు పుణ్యముంటుందే, చల్లారిపోతున్నాయి" అనేదాన్ని. ఆమె ఒక కన్ను తెరిచి, "కాస్త ఆగవే బాబూ, దేవుడు వింటున్నాడు" అని, మళ్ళీ మూసుకునేది. అందరి చేతులూ అయ్యేవి. తన చేతుల కోసం మాత్రం ఎప్పుడూ అడగలేదు. వాటి కోసం ఎవరో ఒకరు అడుగుతారనుకుందో ఏమో.

మాస్టారు సూది పక్కన పెట్టి విన్నారు.

"ఆ పార్దన ఎంతసేపు?"

"రెండు నిముషాలు. పైడమ్మ కూతురికి జ్వరం వచ్చినప్పుడు మూడు."

"ఈడియోలో ఉందేటి అది?"

"లేదు."

"ఎవులు కోసీసినారు?"

పొయ్యి మీద నూనె ఇంకా సన్నగా పొగలు కక్కుతోంది. వెళ్ళి కట్టేసి వచ్చాను. వచ్చేసరికి ఆయన అదే చూపుతో నా కోసం చూస్తున్నారు.

"నేనే" అన్నాను.

ఆయన తలూపి, దారం కొసని పంటితో కొరికి, మళ్ళీ వల మీదకి వంగారు. అంతే. నాకు మళ్ళీ ఒళ్ళు మండింది. "మరి నేనడిగినదానికి జవాబు?" అన్నాను.

"ఏటడిగినావు?"

"వంట ఎవరిదవుతుందని."

"అది నువ్వడగనేదు గదేటి. మీ ఫ్రెండు గదా అడిగింది" అన్నారు. తల ఎత్తకుండానే నవ్వుతున్నారు. "ఆమినే అడుగు."

ఫోన్ కిటికీలో ఉంది. తెర నిండా రవ్వ, పిండి. కొంగుతో తుడిచాను. ఎస్తేరు నంబరు ఎక్కడికీ పోలేదు. పద్నాలుగు నెలలుగా దాని మీంచి వేలు జారిపోతూ ఇంకో పేరు దగ్గర ఆగేది. ఈసారి ఆగాక, అక్కడే ఉంచాను. ఆమెకు చెప్పాల్సింది చాలా ఉంది. నాలుగు నిముషాల్లో చెప్పగలిగింది కాదు. చేతులు ఎవరివో ముందు చెప్పాలి. ఆదివారం సభలో ఆ సంఘం వాళ్ళకి కూడా చెప్పాలి, ఆ తర్వాత వాళ్ళు నన్ను పిలుస్తారో పిలవరో వాళ్ళిష్టం. కానీ మొదట వినాల్సింది ఆమె.

"ఎత్తకపోతే?" అని అడిగాను. నాకే చిన్నపిల్లలా వినిపించింది.

మాస్టారు ముడి వేస్తూ, "పొద్దున్నుంచి నూనె ఎన్నిమాట్లు ఎట్టినావమ్మీ?" అన్నారు.

మూడుసార్లు. నర్సులకి పొద్దుటి డ్యూటీ ఎక్కడైనా రెండింటికి దిగుతుంది. రెండుంబావుకి చేస్తాను.