మిణుకు నిజం ఏడుపు

ఇప్పచెట్ల అడవిలో దుప్పులు, కుందేళ్లు, కోతులు, ఒక ముసలి ఎలుగుబంటి కలిసిమెలిసి ఉండేవి. వాటికి నాటకాలంటే ప్రాణం. ఆ నాటకాలు ఆడించేది జంబయ్య అనే నక్క. మాటలతో బోల్తా కొట్టించడంలో వాడికి వాడే సాటి.

ఒకసారి జంబయ్య తప్పిపోయిన పిల్ల కథ ఎత్తుకున్నాడు. ఆ వేషానికి పొన్న అనే దుప్పి కూతురు మిణుకుని అడిగాడు. మిణుకు ఒళ్లంతా చుక్కలు, ఇంతింత కళ్లు. గెంతడమే తప్ప నడవడం తెలియని పిల్ల. పొన్న పొంగిపోయింది. ఏ తల్లి పొంగిపోదు చెప్పండి? కాకపోతే నాటకం నేర్పేటప్పుడు తల్లి దగ్గర ఉండకూడదట, ఉంటే పిల్ల గారాలు పోతుందట. పొన్న సరేనంది. అక్కడే పొరపాటు చేసింది.

నేర్చుకుని వచ్చిన ప్రతిసారీ మిణుకు తల్లి పొట్ట కిందికి దూరి కదిలేది కాదు. పాలు కూడా ముట్టేది కాదు. పాపం, అలసిపోయిందిలే అనుకునేది పొన్న.

నాటకం రోజు పొద్దెక్కేసరికి అడవంతా వచ్చేసింది. జంబయ్య పొన్నని అందరి వెనకా కూర్చోబెట్టాడు. అయినా ఆమె సంతోషంగా, పక్కనున్నవాళ్లందరికీ అది మా అమ్మాయేనని చెప్పుకుంది. ఎలుగుబంటి డోలు వాయించింది. మిణుకు వచ్చి ఏడ్చింది. అబ్బ, ఏం ఏడుపని కుందేళ్లు కళ్లు తుడుచుకున్నాయి. కోతులు ఒకటే చప్పట్లు.

పొన్న మాత్రం ఉలిక్కిపడి చెవులు రిక్కించింది. దుప్పులు పసికూనల్ని గడ్డిలో దాచి మేతకు వెళ్తాయి. అమ్మ ఎంతకీ రాకపోతే కూనలు సన్నగా ఒక కూత పెడతాయి. అది నేర్పితే వచ్చేది కాదు. మిణుకు పెడుతున్నది ఆ కూతే.

పొన్న అందరి మీంచి దూకి వేదిక ఎక్కింది. మిణుకు ఆమె మెడ కింద తల దూర్చి వణికిపోయింది.

"అమ్మా, నిన్ను పులి తినేసిందని నక్కమామ రోజూ చెబుతాడు. ఇవాళ మాత్రం నిజమేనన్నాడు."

జంబయ్య పళ్లు కొరికాడు. "రసపట్టులో పాడుచేశావు కదమ్మా! నాలుగు కన్నీటి చుక్కలే కదా?"

"ఏడుపు కావాలంటే నువ్వు ఏడువు జంబయ్యా. నా బిడ్డని బెదరగొట్టి నీ నాటకం పండించుకోకు."

కోతుల చేతులు ఆగిపోయాయి. ఎలుగుబంటి సిగ్గుతో డోలు కింద పెట్టింది. రోజూ ఆ ఏడుపు విన్నానని, అది కూడా నాటకమే అనుకున్నానని ఒప్పుకుంది. పిల్ల వేషం కడితే తల్లి వేదిక పక్కనే ఉండాలని, పిల్ల చాలంటే డోలు ఆగాలని అప్పటికప్పుడే కట్టడి చేసుకున్నారు. జంబయ్యకి ఆ తర్వాత ఎవరూ పిల్లల్ని ఇవ్వలేదు. వాడే ఒంటికి సున్నంతో చుక్కలు పెట్టుకుని, దుప్పిపిల్ల వేషం కట్టి ఊళపెట్టాడు. అడవంతా పొట్ట పట్టుకుని నవ్వింది.

కొన్నాళ్లకి మిణుకే వేషం కడతానని మారాం చేసింది. ఈసారి నేర్పింది ఎలుగుబంటి. పొన్న వేదిక పక్కనే కూర్చుంది. మిణుకు బావురుమని ఏడుస్తూ, మధ్యలో అమ్మ వైపు చూసి కన్ను కొట్టింది. ఆ రోజు ఇంటికి వెళ్లి కడుపునిండా పాలు తాగింది.

నీతి: పిల్లల్ని భయపెట్టి రాబట్టేది కళ కాదు, చప్పట్లు కొట్టే ముందు ఆ పసి కన్నీళ్లు నిజమైనవేమో చూడాలి.