కెమెరా వెనక గురువుగారు

ఎన్నిసార్లు తీసినా ఆ షాట్ మృణాళినికి కుదరడం లేదు.

ఏళ్ల తరబడి ఇతరుల సినిమాలకు కెమెరా పట్టి పేరు తెచ్చుకున్న మనిషి. ఆమె లైటింగ్ చేస్తే పాత గోడకైనా ప్రాణం వస్తుందనేవారు. ఇప్పుడు తొలిసారి తనే కథ రాసుకుంది. డైరెక్షన్ తనే. కెమెరా కూడా తనే.

భీమిలిలో ఓ పెంకుటింట్లో షూటింగ్. భర్త పోయిన ఇల్లాలు ఆయన చొక్కాలు ఎవరికైనా ఇచ్చేద్దామని ఒక్కొక్కటే మడతపెడుతుంది. ఒకదాని దగ్గర ఆగి, "ఇది ఉండనీ" అంటుంది. అంతే సీను. చేస్తున్నది నాటకాల్లో తలపండిన సౌభాగ్యమ్మ.

"అమ్మా, గడ్డం కాస్త పైకి."

"చెయ్యి వెలుగులోకి రావాలమ్మా."

"అంతా బాగుంది గానీ, చొక్కా నీడలో పడింది. ఇంకొక్కసారి."

చివరికి సౌభాగ్యమ్మ చొక్కాలు పక్కన పెట్టేసింది. "నావల్ల కావడం లేదు తల్లీ. ఇంకెవరినైనా చూసుకో" అని వరండాలోకి వెళ్లిపోయింది.

మూల కుర్చీలో కూర్చుని వేదాద్రిగారు ఇదంతా చూస్తున్నారు. లెన్సు తుడవడం దగ్గర్నుంచి మృణాళినికి పని నేర్పింది ఆయనే. ఆయన కెమెరా ముట్టుకుని చాలా కాలమైంది. శిష్యురాలు సినిమా తీస్తోందంటే చూసిపోదామని వచ్చారు.

మృణాళిని ఆయన పక్కన కూలబడింది.

"మీరు నేర్పిందంతా పెట్టాను గురువుగారూ. అయినా సీను పండటం లేదు. ఎక్కడ తప్పుతున్నానో చెప్పండి."

ఆయన లేచి, చొక్కా చేతులు పైకి మడుచుకుని, వెళ్లి కెమెరా వెనక నిలబడ్డారు.

"అయ్యో, మీరెందుకండీ!"

"ఈ షాట్‌కి నీ కెమెరామన్‌ని నేను. ఫ్రేమ్ నేను చూసుకుంటా. నువ్వెళ్లి ఆవిణ్ణి చూసుకో."

ఆయన డేట్ల కోసం పెద్ద పెద్ద డైరెక్టర్లు ఎదురుచూసిన రోజులు మృణాళినికి తెలుసు.

వరండాలోకి వెళ్లి సౌభాగ్యమ్మ చెయ్యి పట్టుకుంది. "రండమ్మా. ఈసారి గడ్డం మాట ఎత్తను. మీకెలా తోస్తే అలా చెయ్యండి."

కెమెరా పక్కనే నేలమీద బాసింపట్టు వేసుకుని కూర్చుంది. మధ్యలో కెమెరా అద్దం లేకుండా ఆ ముఖాన్ని చూడటం ఆమెకు అదే మొదలు.

సౌభాగ్యమ్మ తొందరపడలేదు. ఒక చొక్కా, ఇంకో చొక్కా. తర్వాతి దాని కాలరు మీద బొటనవేలు ఆగిపోయింది. మరక ఉందేమోనన్నట్టు అక్కడే మెల్లగా రుద్దింది. "ఇది ఉండనీ" అంది, ఎవరితోనో కాదు, ఆ చొక్కాతోనే అన్నట్టు.

కట్ చెప్పాలన్న సంగతి మృణాళినికి గుర్తే లేదు. వేదాద్రిగారూ కెమెరా ఆపలేదు. చాలాసేపటికి సౌభాగ్యమ్మే తలెత్తి, "అయిపోయిందా తల్లీ?" అంది.

మృణాళిని కళ్లు తుడుచుకుంటూ లేచింది.

"నా చెయ్యి వణికిందే అమ్మాయ్. ఫ్రేమ్ కుడివైపు జారింది. ఇంకోటి తీద్దామా?" అన్నారు వేదాద్రిగారు.

"జారిందా?" మృణాళిని ఆ వణికే చేతిని అందుకుని కళ్లకద్దుకుంది. "నేను చూళ్లేదు గురువుగారూ."

ఆయన నవ్వారు.

"అయితే షాట్ ఓకే."